లైను ఆగిన చోట ఇల్లు

పెళ్ళిచూపులకు వచ్చినవాడు వంట వచ్చా అని అడగలేదు, ఏం చదివావనీ అడగలేదు. "మీ కొత్త బస్టాండ్ల పొద్దుగాల బస్సెక్కితే ఎల్బీనగర్‌ల ఎంతసేపట్ల దిగుతం?" అని అడిగాడు. మా అమ్మ చాయ్ కప్పులు పట్టుకుని గుమ్మంలోనే ఆగిపోయింది. ఈయన బస్సు టైము కనుక్కోవడానికి వచ్చి పొరపాటున మా ఇంట్లో దూరాడేమో అన్నట్టు చూసింది. నాకు నవ్వు ఆగలేదు. "టోల్‌గేటు కాడ బండ్లు లేకుంటే జల్దీనే దిగుతం, పండుగలప్పుడైతే దేవునికే ఎరుక" అన్నాను. ఆయన నవ్వలేదు. నేను చెప్పింది మనసులో రాసుకుంటున్నవాడిలా తల ఊపాడు. నాకు అక్కడే అర్థం కావలసింది.

ఆయనది మిర్యాలగూడ. హైదరాబాద్‌లో అమీర్‌పేట దగ్గర ఒక ల్యాబులో రక్తపరీక్షలు చేసే టెక్నీషియను. నాది సూర్యాపేట. ఊరి అంచున ఒక సర్కారు బడిలో టీచర్ని. నా ఉద్యోగం జిల్లా దాటి కదలదు, ఆయన ఉద్యోగం నగరం దాటి రాదు. పెళ్ళయితే ఇద్దరం ఒక ఇంట్లో ఉండేదెట్లా అని మా అమ్మ అడిగితే, దానికి ఆయన దగ్గర జవాబు తయారుగా ఉంది. మెట్రో.

అప్పటికి ఎల్బీనగర్ దాకా పిల్లర్లు లేచాయి కానీ వాటి మీద రైలు నడవడం లేదు. ఆ పిల్లర్లతో నాది పాత వైరం. టీచర్ పరీక్ష కోచింగ్ కోసం నేను దిల్‌సుఖ్‌నగర్ హాస్టల్లో ఉన్న రోజుల్లోనే రోడ్డు నడుమ రేకులు పాతి గోతులు తవ్వారు. కిటికీ తెరిస్తే దుమ్ము, మూస్తే ఉక్కపోత. బట్టలు ఆరేస్తే సాయంత్రానికి అన్నీ ఒకే రంగుకు వచ్చేవి. శనివారం ఇంటికి బయల్దేరితే బస్సు ఎల్బీనగర్ చౌరస్తా దాటేలోపు ఒక కునుకు తీసి లేవచ్చు. మొదట గోతిలోంచి ఇనుప చువ్వలు పైకి వచ్చాయి, తర్వాత కాంక్రీటు, ఆ తర్వాత పిల్లర్ల మీద చేతులు చాపినట్టు దిమ్మెలు. ఒక పిల్లర్ నుంచి ఇంకో పిల్లర్‌కు పెద్ద యంత్రం ముక్కలు ఎత్తి అతికిస్తుంటే నాతోటి పిల్లలు ఫోన్లలో ఫోటోలు తీసుకునేవాళ్ళు. నేను మాత్రం ఇది పూర్తయ్యేలోపు నాకు ఉద్యోగం వస్తుందా రాదా అని లెక్కలు వేసుకునేదాన్ని. ఉద్యోగమే ముందు వచ్చింది.

ఇక్కడ మా రెండు ఊర్ల సంగతి కొంచెం చెప్పాలి. మిర్యాలగూడకు రైలుంది. మా మామ బియ్యం మిల్లులో గుమాస్తాగా చేసి రిటైరయ్యాడు. ఇల్లు స్టేషను పక్కనే. ఆయన గడియారం చూసుకోగా నేను చూడలేదు. ఏ రైలు కూసిందో దాన్ని బట్టి చాయ్ అడుగుతాడు, స్నానానికి లేస్తాడు. సూర్యాపేటకు రైలు లేదు. ఎంత పెద్ద హైవే పక్కన ఉన్నా లేదు. రైలు వస్తుందట అన్న మాట మాత్రం మా తాత విన్నాడు, మా నాన్న విన్నాడు, నేనూ విన్నాను. అప్పుడప్పుడు పేపర్లో మా జిల్లా బొమ్మ మీద చుక్కల గీత ఒకటి కనిపిస్తుంది. మా ఊళ్ళో దాన్ని చూసి ఎవరూ ఎగిరి గంతేయరు. ఎండాకాలం మబ్బు పట్టినట్టు ఒకసారి తలెత్తి చూసి, మళ్ళీ పనిలో పడతారు.

మా మామకు ఇదంతా వేళాకోళం. పెళ్ళయిన కొత్తలో నేను అత్తింటికి పోయినప్పుడు స్టేషను నుంచి కూత వినిపిస్తే చాలు, "బిడ్డా, గదే రైలంటే. మీ ఊర్ల పుస్తకాలల్ల సూసుంటవ్" అనేవాడు. నేను ఊరుకునే రకం కాదు. "మాకెందుకు మామా రైలు? మా ఊరికి అర్ధరాత్రి లేసినా బస్సుంటది. మీరు రైలు కోసం బెంచీ మీద కూసొని ముసలోళ్లైతున్నరు" అనేదాన్ని. ఆయనకు నా నోరంటే ఇష్టం. నవ్వి నవ్వి దగ్గేవాడు.

నవ్వులాటే గానీ, మా ఇద్దరి మధ్య తేడా అంతా అందులోనే ఉంది. మిర్యాలగూడలో పెరిగినవాడికి పటం మీద గీత కనిపిస్తే దాని మీద రైలు కూడా కనిపిస్తుంది. సూర్యాపేటలో పెరిగినదానికి గీత మాత్రమే కనిపిస్తుంది. ఈ తేడా ఎంత దూరం తీసుకెళ్తుందో పెళ్ళినాడు మాకిద్దరికీ తెలియదు.

మొదటి కొన్నేళ్ళు నేను సూర్యాపేటలో అమ్మ దగ్గర, ఆయన అమీర్‌పేటలో ముగ్గురు బ్రహ్మచారులతో కలిసి ఒక గదిలో. శనివారం వచ్చేవాడు, సోమవారం చీకటితో వెళ్ళేవాడు. పాప పుట్టింది. ఎల్బీనగర్ లైను మొదలైంది. మమ్మల్నిద్దరినీ మొదటిసారి మెట్రో ఎక్కించిన రోజు ఆయన మొహంలో వెలుగు నేను మర్చిపోలేను. పాపను ఎత్తుకుని నన్ను ఎల్బీనగర్ ప్లాట్‌ఫారం చివరిదాకా నడిపించాడు. పట్టాలు స్టేషను దాటి కొంచెం ముందుకు వెళ్ళి, గాల్లో ఆగిపోయి ఉన్నాయి.

"సూడు, ఎటు దిక్కు మొఖం పెట్టినయో. మీ ఊరి దిక్కే" అన్నాడు.

"మా ఊరి దిక్కు మొఖం పెట్టినోళ్లు శానమంది ఉన్నరు, వచ్చినోళ్లే లేరు" అన్నాను. అయినా ఆ పూట నాకు కూడా ఆశ పుట్టింది. అబద్ధం ఎందుకు, చాలా పుట్టింది.

పాపను నర్సరీలో వేసే వయసు రాగానే ముగ్గురం ఒక ఇంట్లో ఉండాలని పట్టుబట్టింది నేనే. అది శనివారం వచ్చిన తండ్రిని ఆదివారం సాయంత్రానికి గుర్తుపట్టేది, మళ్ళీ శనివారానికి మర్చిపోయేది. ఆయన్ని చూసి నా కొంగు వెనక దాక్కుంటే ఆయన నవ్వేవాడు. ఆ నవ్వు నేను చూడలేకపోయేదాన్ని. ముగ్గురం ఒకే కప్పు కింద నిద్రపోవాలి, నాకు కావలసింది అంతే. ఎక్కడ అన్న ప్రశ్నకు ఆయన ఆలోచించనైనా లేదు. లైను ఎక్కడ ఆగిందో అక్కడ. పొద్దున ఆయన మెట్రోలో పడమటికి పోతాడు, నేను హైవే మీద తూర్పుకు పోతాను, రాత్రికి ఇద్దరం నడుమ కలుస్తాం.

మా జిల్లాలో పనిచేసేవాళ్ళకు ఇది వింతేమీ కాదు. అప్-డౌన్ అంటారు. ఎల్బీనగర్, వనస్థలిపురాల్లో ఇల్లు, సూర్యాపేటలో కొలువు. పొద్దున్నే మెట్రో పిల్లర్ల కింద చూస్తే తెలుస్తుంది, భుజానికి బ్యాగు, చేతిలో టిఫిన్ సంచి, కళ్ళల్లో నిద్రతో టీచర్లు, ఆఫీసుల వాళ్ళు గుంపులు గుంపులుగా నిలబడి ఉంటారు. ప్రతి గుంపుకు ఒక కారు, ప్రతి కారుకు ఒక పిల్లర్. మా కారు లెక్కల సారుది. సూర్యాపేట హైస్కూల్లో పనిచేస్తాడు. ఎవరికోసమూ ఎదురుచూడడు, అదీ ఆయన నియమం. పిల్లర్ కింద మనిషి కనపడకపోతే బ్రేకు కూడా తొక్కడు. చివరికి వచ్చినవాళ్ళు వెనక సీట్లో నడుమ కూర్చోవాలి, అక్కడ కాళ్ళు చాపే వీలుండదు. వ్యవసాయ ఆఫీసులో పనిచేసే మేడమ్, నేను ఆ నడుమ సీటు తప్పించుకోవడానికి పడ్డ పోటీ చూస్తే మా బడిపిల్లలు సిగ్గుపడేవాళ్ళు. చౌటుప్పల్ దాటేదాకా కార్లో ఎవరూ మాట్లాడకూడదు, అందరూ నిద్రే. కొర్లపహాడ్ టోల్‌గేటు రాగానే ఎవరో లేపినట్టు అందరూ లేచి డబ్బాల మూతలు తీసేవాళ్ళు. ఏ ఇంట్లో ఏం చట్నీ చేశారో అక్కడ తెలిసిపోయేది.

కష్టంగానే ఉన్నా నడిచింది. సాయంత్రం దీపాలు పెట్టే వేళకు ఇల్లు చేరేదాన్ని. పాప తండ్రికి ఎదురెళ్ళి బ్యాగు లాక్కునేది. నాకు అది చాలనిపించింది.

చాలనిపించడం ఆయన స్వభావంలో లేదు. లైను హయత్‌నగర్ దాకా పొడిగిస్తారన్న వార్త వచ్చిన నాటి నుంచి ఆయన కాలు నేల మీద నిలవలేదు. పేపర్లో వచ్చిన పటాలు కత్తిరించి ఫ్రిజ్ మీద అంటించాడు. ఆదివారం కూర తెమ్మంటే ఎల్బీనగర్ నుంచి హయత్‌నగర్ వైపు నడుచుకుంటూ పోయి ఉత్త చేతులతో వచ్చేవాడు. స్టేషన్లు ఎక్కడెక్కడ పడతాయో, హైవే మీద ఫ్లైఓవర్లు అడ్డం ఉన్నాయి గనక లైను రోడ్డు నడుమ పోతుందా పక్కకు జరుగుతుందా, మెట్లు ఏ గల్లీ ముందు దిగుతాయి, ఇవీ మా ఇంట్లో అన్నం దగ్గర మాటలు. ఒకరోజు నేను పప్పులో ఉప్పు మర్చిపోయాను. ఆయన గమనించనే లేదు. వనస్థలిపురం దగ్గర మలుపు గురించి చెప్తూ మొత్తం తినేశాడు.

తర్వాత ఆ ఆలోచన వచ్చింది. లైను హయత్‌నగర్ వస్తే అక్కడ ఇళ్ళు దొరకవు, ఇప్పుడే పోయి ఉందాం. నాకూ ఆ మేరకు బడి దగ్గరవుతుంది. స్టేషను మెట్లు సరిగ్గా అక్కడ ఒక గల్లీ ముందే పడతాయని ఎవరో చెప్పారు, ఆయన పోయి చూసి వచ్చాడు కూడా.

"ఏం సూసినవ్? మెట్లా?" అన్నాను.

"మెట్లు పడే జాగ" అన్నాడు. గొంతులో ఒక్క అనుమానం లేదు.

మా అమ్మకు ఫోన్లో చెప్పాను. "మన ఊరి పిల్లవయ్యుండి నువ్వెట్ల నమ్మినవే?" అంది. మామకు చెబితే సంబరపడిపోయాడు. "మంచిగ జేసిన్రు బిడ్డా, స్టేషన్ పక్కన ఇల్లంటే రాజభోగం" అన్నాడు. చూశారా, ఊరు ఊరే. నేను ఎందుకు ఒప్పుకున్నానంటే, పోట్లాడే ఓపిక లేక. ఇంకోటి కూడా ఉంది. ఆయన ఆ గల్లీ గురించి చెప్పేటప్పుడు మా ముగ్గురి గురించే చెప్పేవాడు. "అప్పుడు మనం ముగ్గురం పొద్దున కలిసి చాయ్ తాగొచ్చు" అనేవాడు. అట్లాంటి మాటకు కాదని ఎట్లా అంటారు?

హయత్‌నగర్‌కు మారాం. ఇంటి ఓనరమ్మ మంచిది, కింది వాటాలో ఉంటుంది, పాపను తన మనవరాలిలా చూసుకునేది. లైను రాలేదు. ఆయన ఇప్పుడు ఎల్బీనగర్ దాకా సిటీ బస్సులో వేలాడుతూ పోయి అక్కడ మెట్రో ఎక్కాలి. కాబట్టి మునుపటికంటే ముందే లేవాలి, మునుపటికంటే ఆలస్యంగా రావాలి. "కొన్నాళ్ళే" అనేవాడు. ఆ మాట విన్నప్పుడల్లా నాకు ఒళ్ళు మండేది.

మా దురదృష్టానికి నాకు ప్రమోషన్ కూడా అప్పుడే వచ్చింది. ప్రమోషన్‌తో పాటు కొత్త బడి, కోదాడ పక్కన. వద్దంటే మళ్ళీ ఎప్పటికో. లైను మా వైపు రావాల్సింది పోయి, నా బడే అవతలికి జరిగింది. లెక్కల సారు కారులో సూర్యాపేట వరకు, అక్కడ కోదాడ బస్సు, దిగి ఆటో. పొద్దున పాప నిద్రలో ఉండగా వెళ్తున్నాను, రాత్రి పాప నిద్రపోయే ముందు వస్తున్నాను. తయారుచేసి బడికి పంపేది ఆయన, పంపి బస్సుకు పరుగెత్తేదీ ఆయనే. యూకేజీ పిల్లల్ని మధ్యాహ్నమే పంపేస్తారు, అప్పటి నుంచి రాత్రి దాకా ఓనరమ్మ దగ్గర. నా బిడ్డ నా దగ్గర పడుకుంటుందే గానీ నాతో ఉండటం లేదు. అది నన్ను లోపల్లోపల తినేసేది. బస్సులో కిటికీ పక్కన కూర్చుని మునగాల పొలాలు చూస్తూ ఎన్నిసార్లు ఏడ్చానో.

కోదాడ స్టాఫ్‌రూమ్‌లో మాట కాస్త మర్యాదగా, అటు బెజవాడ గాలి తగిలినట్టు ఉంటుంది. తెలుగు టీచరమ్మ ఒకావిడ రోజూ నన్ను చూసి బుగ్గ నొక్కుకునేది. "ఏంటండీ, హైదరాబాద్ నుంచి రోజూ రావడమేంటండీ? అంత ఓపిక ఎక్కడిదండీ మీకు?"

"ఓపిక లేదండీ, కోపంతోనే వస్తున్న" అన్నాను ఒకసారి. ఆవిడ నవ్వింది. నేను నవ్వలేదు.

ఆయనతో రోజూ గొడవే. గొడవ పెట్టుకోవడానికి కూడా మాకు సమయం లేదు గనక ఫోన్లో పెట్టుకునేవాళ్ళం. ఆయన మెట్రోలో, నేను బస్సులో. నేను అరవబోతే ఆయన, "మందిల ఉన్న, మెల్లగ" అనేవాడు. సూర్యాపేటకు పోదామంటే, "గిప్పుడు పోతే మళ్ల రాలేం. సర్వే అయిపోయిందట, ఇగ టెండర్లే" అనేవాడు. కొన్నాళ్ళకు మళ్ళీ సర్వే అనేవాడు. ఒకసారి లైను రోడ్డుకు కుడివైపని, ఇంకోసారి ఎడమవైపని. ఆ లైను పేపర్లో అటూ ఇటూ జరిగినప్పుడల్లా మా ఇంట్లో ఆయన కూడా పడక మీద అటూ ఇటూ దొర్లేవాడు.

అట్లా ఉండగా దురాజ్‌పల్లి గట్టు జాతర వచ్చింది. రెండేళ్ళకోసారి లింగమంతుల స్వామికి జరిగే జాతర. సూర్యాపేట దాటగానే హైవే పక్కనే గట్టు. గంపలు నెత్తిన పెట్టుకుని, డప్పులతో, "ఓ లింగా" అంటూ జనం వస్తే ఇక ఆ రోడ్డు స్వామిదే, బండ్లది కాదు. ఆ వైపు పోయే బండ్లన్నీ నార్కట్‌పల్లి దగ్గరే మళ్ళించి, నల్గొండ, మిర్యాలగూడ, హుజూర్‌నగర్ మీదుగా తిప్పి పంపుతారు. చిన్నప్పుడు ఆ జాతర అంటే నాకు ప్రాణం. ఈసారి జాతర మొదలైన పొద్దున కూడా అలవాటు కొద్దీ కారెక్కాను. నార్కట్‌పల్లిలో పోలీసులు చెయ్యి అడ్డం పెట్టారు. సూర్యాపేట దాకే పోతామన్నా వినలేదు.

ఎవరికోసమూ బ్రేకు తొక్కని లెక్కల సారు మొదటిసారి కారు పక్కకు తీసి ఆపాడు. "మిర్యాలగూడ తిరిగి పోయేసరికి బడి వదిలిపెడుతరు. నాతోని కాదు. లీవ్ పెట్టుకోండ్రి, వాపస్ పోదాం" అన్నాడు. వ్యవసాయ ఆఫీసు మేడమ్ చేతులెత్తి గట్టు వైపు దండం పెట్టింది. డబ్బాలు నార్కట్‌పల్లిలోనే తిని వెనక్కి తిరిగాం.

పని దినాన, పట్టపగలు, నా ఇంటి గల్లీలోకి నడవడం నాకే కొత్తగా ఉంది. దొంగతనంగా వచ్చినట్టు అనిపించింది. గల్లీ మొదట్లో నలుగురైదుగురు మనుషులు, కొలిచే టేపు, మూడు కాళ్ళ స్టాండు మీద ఒక పరికరం, చేతిలో ఎర్ర రంగు డబ్బా. వాళ్ళ వెనకాల, చేతులు వెనక్కి కట్టుకుని, పెళ్ళికొడుకు తరఫు పెద్దమనిషిలా తిరుగుతున్నాడు మా ఆయన.

"నువ్వేంది గీడ?" అన్నాను.

"నువ్వేంది గీడ?" అన్నాడు.

నేను జాతర సంగతి చెప్పాను. ఆయన చెప్పడానికి కొంచెం తడబడ్డాడు. కొలతలకు ఈరోజు వస్తున్నారని ముందే తెలిసిందట. లీవ్ పెట్టాడట. పాపను బడికి పంపి అప్పటి నుంచి వాళ్ళ వెంటే తిరుగుతున్నాడట. ఓనరమ్మ గేటు దగ్గర నిలబడి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. గేటు గోడ మీద ఎర్ర గీత తడిగా ఉంది. లైను ఎడమకు జరిగితే ముందు గది పోవచ్చని వాళ్ళెవరో అన్నారట. ఆవిడ కళ్ళల్లో నీళ్ళు. మా ఆయన కళ్ళల్లో పండుగ.

"సూసినవా? నిజంగనే వస్తుంది" అన్నాడు నాతో, మెల్లగా, ఆవిడకు వినపడకుండా. "గోడకు మార్కు పడ్డదంటే ఇగ ఆగదు."

"మనముండే ఇల్లు వోతది" అన్నాను.

"పోతే పోనీ. లైను నిజమని తేలింది గదా."

నా అరికాలి మంట నెత్తికెక్కింది. చెయ్యి పట్టుకుని పైకి లాక్కెళ్ళాను. చెప్పులు గుమ్మం దగ్గర ఎక్కడివక్కడ విసిరేశాం. తలుపు కూడా వేయలేదు. నాకు డెంగ్యూ జ్వరం వచ్చినప్పుడు లీవ్ దొరకలేదన్నావు. పాప బడిలో మొదటిసారి డాన్సు చేసినప్పుడు దొరకలేదన్నావు. నేను కోదాడలో కొత్త బడిలో చేరిన రోజు తోడు రమ్మంటే దొరకలేదన్నావు. గోడకు ఎర్ర రంగు పూస్తే చూడటానికి దొరికిందా? ఇన్నేళ్ళుగా గొంతులో దాచుకున్నదంతా బయటికి వచ్చింది. ఫోన్లో కాదు గనక, మందిలో కాదు గనక, గట్టిగానే వచ్చింది.

ఆయన కూడా తగ్గలేదు. "ఎవలికోసం తిరుగుతున్న నేను? మన ముగ్గురం ఒక్క కాడ ఉండాల్నని గాదా?"

"ఏ కాడ ఉన్నం? సూపెట్టు! ఈ ఇంట్ల మధ్యాహ్నం ఎండ ఏ కిటికీల పడ్తదో నీకెరుకనా? నాకైతే ఎరుక లేదు!"

ఆయన అప్రయత్నంగా కిటికీల వైపు చూశాడు. ఎండ వంటింటి కిటికీలోంచి వచ్చి గ్యాస్ బండ మీద పడి ఉంది. ఇద్దరం అది మొదటిసారి చూస్తున్నాం. నేను కింద కూర్చుని ఏడ్చేశాను.

అప్పుడే బడి ఆటో వచ్చి వెళ్ళిన చప్పుడైంది. మెట్ల మీద చిన్న అడుగులు. పాప మా చప్పుడు విని, ఓనరమ్మ దగ్గరికి పోకుండా పైకి వచ్చినట్టుంది. గుమ్మం దగ్గర ఆగింది. కింద పడి ఉన్న నా చెప్పులు, వాళ్ళ నాన్న చెప్పులు చూసింది. తలెత్తి మమ్మల్ని చూసింది. లోపలికి అడుగు పెట్టలేదు.

"ఎవరు సచ్చిపోయిన్రు?" అంది.

భయపడుతూ అడగలేదు. మామూలుగా అడిగింది. మేమిద్దరం పని రోజున పట్టపగలు ఇంట్లో ఉన్నది దాని జ్ఞాపకంలో ఒక్కసారే, మా అత్త మిర్యాలగూడలో కన్నుమూసిన రోజు. ఆరోజు కూడా బడి నుంచి వచ్చేసరికి మా చెప్పులు గుమ్మంలో ఉన్నాయి, నేను ఏడుస్తున్నాను. యూనిఫాం మీదే ఎత్తుకుని బస్సెక్కించాం. దాని లెక్కలో తప్పేమీ లేదు.

"తాతనా?" అంది మళ్ళీ. ఈసారి బ్యాగు పట్టీ రెండు చేతులతో పట్టుకుంది.

ఆయన నవ్వబోయి ఆగిపోయాడు. గబగబా వెళ్ళి దాని ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. "ఎవరూ సావలే బిడ్డా. తాత మంచిగున్నడు. నేను, అమ్మ ఊకెనే ఇంటికాడ ఉన్నం."

"ఊకెనే ఎందుకుంటరు?"

ఆయన దాని కాలు ఒళ్ళోకి తీసుకున్నాడు. షూ విప్పబోతే కాలు వెనక్కి లాక్కుంది. ఊరికి పోవాలి గదా అంది. తాతకు ఫోన్ చేసి మాట్లాడించాం. మామ గొంతు విని కూడా నమ్మలేదు. ఫోన్ నా చేతికి ఇచ్చి, గుమ్మంలోనే నిలబడి, ఇంకెవరై ఉంటారా అన్నట్టు మా మొహాలు మార్చి మార్చి చూసింది. కింద ఎవరో, "సార్, ఒక్కసారి వస్తారా?" అని పిలిచారు. కొలతల వాళ్ళు. ఆయన అటు తిరిగి చూడలేదు.

కళ్ళు తుడుచుకుని, "ఎవరికేం కాలేదమ్మా. రేపు నేను బడికి పోతా. నాన్న ల్యాబుకు పోతడు. రోజు తీరుగనే" అన్నాను.

పాప నన్ను పరీక్షగా చూసింది. "పొద్దుగాలనే పోతవా? నేను లేవకముందే?"

"పోతా. నువ్వు లేవకముందే పోతా."

అప్పుడు దాని మొహం తేటపడింది. హమ్మయ్య అన్నట్టు గుమ్మంలో కూలబడి, తానే షూ విప్పుకుని, లోపలికి వచ్చి అన్నం పెట్టమంది.

ముగ్గురం కింద కూర్చుని తిన్నాం. ఆయన ముద్ద కలుపుతూనే ఉన్నాడు, నోట్లో పెట్టుకోలేదు. కింది నుంచి మళ్ళీ పిలుపు వచ్చింది, ఆయన లేవలేదు. తల ఎత్తకుండా అడిగాడు.

"సూర్యాపేటల ల్యాబులు ఉంటయి గదా?"

"ఉంటయి" అన్నాను. పాప మా ఇద్దరినీ పట్టించుకోకుండా పప్పన్నం తింటూనే ఉంది.